నల్లచుక్క దగ్గర గట్టిగా

ఆ సోమవారం పొద్దున కంప్యూటర్ టీచర్ వేసుకున్న ప్లానులో రెండే పనులున్నాయి. మొదటిది, ప్రిన్సిపాల్‌ని పట్టుకుని తన పర్మనెంట్ ఫైలు గురించి గుర్తు చేయడం. రెండోది, సాయంత్రం వెనక వీధిలో ఓనరమ్మని కలిసి, మేడ మీద గది ఇంకెవరికీ ఇవ్వొద్దని బతిమాలడం. మొదటిది జరిగితే గాని రెండోది జరగదు. ఆ సంగతి ఓనరమ్మ ముందే తేల్చి చెప్పింది.

"టెంపరవరీ వాళ్ళకి గదిస్తే వాళ్ళు ఉండేదీ టెంపరవరీగానే. గోడలకి మేకులు కొట్టేసి చక్కాపోతారు. పర్మనెంట్ అని కాగితం చూపించండి, తాళంచెవి తీసుకోండి" అంది.

రెండేళ్ళుగా కంప్యూటర్ టీచర్ అక్కవాళ్ళ హాల్లో, సోఫాలో పడుకుంటోంది. తల వైపు చెప్పుల స్టాండు, కాళ్ళ వైపు టీవీ. బావ తెల్లారగానే వార్తలు పెట్టేస్తాడు. ఏ రోజుకారోజు ఎవరో నలుగురు అరుచుకుంటూ ఉంటే, వాళ్ళ మధ్యలో లేచి కూర్చోవాలి. ఆమె పెద్ద పెద్ద కోరికలేవీ కోరుకోలేదు. తలుపున్న గది కావాలంది, అంతే. ఆ తలుపు లోపలి నుంచి గడియ పెట్టుకునేది అయితే మరీ సంతోషం.

ప్రిన్సిపాల్ ఆమెని చూడగానే, "రండి మేడం, ఏదీ మీ చేతులిలా చూపించండి" అన్నాడు.

ఆమె అయోమయంగా చేతులు చాపింది. ఆయన గాజుల బేరానికొచ్చినట్టు అటూ ఇటూ చూసి తృప్తిగా తలాడించాడు.

"వేళ్ళు బాగానే కదుల్తాయి. రోజంతా టైపు చేస్తారు కదా. ఇవాళ్టి నుంచి ఆరో క్లాసుకి తాళవాద్యాలు మీరే."

"సార్, నాకు డ్రమ్ములు రావు."

"రావాలని ఎవరన్నారు? మెటీరియల్ వచ్చింది" అంటూ ఆయన బీరువాలోంచి అరవై పేజీల పుస్తకం ఒకటి తీసి టేబుల్ మీద పెట్టాడు. దాని మీద 'తాళవాద్యాలు: స్వీయ అభ్యాస దర్శిని, మొదటి స్థాయి' అని ఉంది. "సంగీతం మాస్టారు మధ్యలో వదిలేసి వెళ్ళిపోయారు. మూడు నెలల్లో బోర్డు నుంచి పరిశీలకుడు వస్తున్నాడు. టైమ్‌టేబుల్లో ఆ గడి ఖాళీగా ఉంటే నా పరువేం కాను? ఈ మూడు నెలలూ నెట్టుకొచ్చేయండి. మీ ఫైలు ఇదిగో, ఇక్కడే ఉంది. పరిశీలన బాగా జరిగిన రోజే సంతకం."

బాగా జరక్కపోతే ఏమిటని ఆమె అడగలేదు. ఫైలు మీద ఆయన టీ గ్లాసు పెట్టుకున్న తీరు చూస్తేనే అర్థమైంది.

పుస్తకం ఒక్కటే ఉంది, పిల్లలు నలభై మంది. ఆమె ల్యాబులో ఉన్న కాపీ మిషన్ ముందు నిలబడి, అరవై పేజీలూ నలభై కాపీలు తీసి, కుట్టించి, అసలు పుస్తకాన్ని భద్రంగా ప్రిన్సిపాల్ బీరువాకి చేర్చేసింది. తర్వాత డ్రమ్ముల కోసం స్టోర్ రూముకి వెళ్ళింది. స్టోర్ కీపర్ కళ్ళజోడు పైకి తోసుకుని ఆమెని అనుమానంగా చూశాడు.

"డ్రమ్ములా? దేనికి మేడం?"

"వాయించడానికండీ. ఇంక దేనికి?"

"అవి ఇన్నాళ్ళుగా ఉన్నాయంటే ఎవరూ వాయించకపోబట్టే కదండీ. వాయిస్తే చర్మం చిరుగుతుంది. చిరిగితే రిజిస్టర్లో నేను రాయాలి. నేను రాస్తే ఎందుకు చిరిగిందని నన్నే అడుగుతారు."

"మరి సంగీతం మాస్టారికి ఇచ్చేవారు కాదా?"

"ఆయనా అడిగేవారండీ. అడిగి అడిగి వెళ్ళిపోయారు."

ఆమె ఉత్త చేతులతో క్లాసుకొచ్చింది. పిల్లలు పెన్సిళ్ళు తీసి బల్లల మీద కొట్టడం మొదలుపెట్టారు. నలభై పెన్సిళ్ళు తకధిమి అనేసరికి పక్క గదిలోంచి లెక్కల మాస్టారు సుద్దముక్కతో సహా వచ్చేశాడు.

"ఏం మేడం, మా వాళ్ళు కూడికలు కూడా తాళం వేసి చెప్తున్నారు. పన్నెండూ ఏడూ ఎంతరా అంటే తకిట అంటున్నాడు ఒకడు. ఇలాగైతే నేను రాతపూర్వకంగా పెట్టాల్సొస్తుంది."

రాతపూర్వకం అన్న మాట వినగానే ఆమెకి టీ గ్లాసు కింద ఉన్న ఫైలు గుర్తొచ్చింది. పెన్సిల్ బల్లకి తగలకుండా, వేలెడంత పైన ఆపమని పిల్లలకి చెప్పింది. తకధిమి మనసులోనే అనుకోవాలి, పెదాలు కదపకూడదు. పిల్లలు ఏది చెప్తే అది చేసే వయసులో ఉన్నారు, చేసేశారు.

మెటీరియల్ రెండో పేజీలో గుర్తుల పట్టిక ఉంది. తెల్ల సున్నా అంటే మెల్లగా కొట్టాలి. అడ్డగీత అంటే ఆగాలి. నల్లచుక్క అంటే పెద్ద డ్రమ్ము మీద బలమంతా పెట్టి కొట్టాలి. కంప్యూటర్ టీచర్ పద్ధతి ఉన్న మనిషి. పేజీలన్నీ ముందే తిరగేసి, ప్రతి పేజీలోనూ నాలుగో వరస చివర చొక్కా గుండీ అంత నల్లచుక్క ఉందని కనిపెట్టింది. ఆ క్రమం చూసి ఆమెకి ఆ పుస్తకం రాసినవాళ్ళ మీద గౌరవం కలిగింది. ముందుమాటలో కూడా నాలుగో వరస చివర చుక్క ఉంది. విషయ సూచికలో కూడా ఉంది. ఎంత క్రమశిక్షణ ఉంటే గాని అలా రాయలేరు అనుకుంది.

"ఎక్కడైనా సరే, నాలుగో వరస అయిపోగానే ధామ్మని పడాలి. ముందుమాట అయినా సరే" అని పిల్లలకి చెప్పింది. "ఈ పుస్తకం స్టైలే అంత."

దాంతో పిల్లలు ముందుమాట కూడా బట్టీ పట్టేశారు. నాలుగో వరస రాగానే నలభై జతల చేతులు తలపైకి లేచి, సర్రున దిగి, బల్లకి వేలెడంత పైన టక్కున ఆగిపోయేవి. పేజీ చివరికొస్తే అందరూ ఒక్కసారే వేలు నాలుక మీద అద్ది, పేజీ తిప్పి, మళ్ళీ అందుకునేవారు. చీమ చిటుక్కుమనేది కాదు.

ఒకరోజు వరండాలో వెళ్తున్న ప్రిన్సిపాల్ కిటికీలోంచి ఆ దృశ్యం చూసి నిలబడిపోయాడు. తన ఇరవయ్యేళ్ళ సర్వీసులో అంత నిశ్శబ్దంగా జరిగిన సంగీతం క్లాసు ఆయన చూడలేదు. మర్నాడు స్టాఫ్ అందరినీ వెంటబెట్టుకొచ్చి చూపించాడు. లెక్కల మాస్టారు కూడా వచ్చి, "ఇదీ డ్రమ్ములంటే" అని మెచ్చుకున్నాడు.

ఇంట్లో మాత్రం అంత మర్యాద దొరకలేదు.

"ఏం మరదలా, డ్రమ్ములు నేర్పుతున్నావటగా. మరి నువ్వెప్పుడు నేర్చుకుంటావు?" అన్నాడు బావ, టీవీ మీంచి కళ్ళు తిప్పకుండానే.

"మా క్లాసులో చప్పుడు ఉండదు బావా."

"బాగుందే. ఆ విద్యేదో మీ అక్కకి కూడా నేర్పు. వంటింట్లో ఆ గిన్నెల మోత భరించలేకపోతున్నా."

"ముందు మీ టీవీకి నేర్పమనండి, గిన్నెల సంగతి నేను చూసుకుంటా" అంది అక్క లోపల్నుంచి. తర్వాత చేతులు తుడుచుకుంటూ బయటికొచ్చి, గొంతు తగ్గించి, "ఓనరమ్మ నిన్న కనబడిందే. గది చూడ్డానికి ఇంకెవరో వచ్చారట. ఈ నెలాఖరు దాకా ఆగుతానంది. ఆ తర్వాత నీ ఇష్టం" అని చెప్పింది.

నెలాఖరుకి రెండు రోజుల ముందు పరిశీలన ఉంది. ఆమె వేళ్ళ మీద లెక్క వేసుకుని, సోఫా వైపు చూసి నిట్టూర్చింది.

రాత పరీక్ష పెడితే పిల్లలు దంచి వదిలిపెట్టారు. డ్రమ్ము కర్రని ఎన్ని వేళ్ళతో పట్టుకోవాలి? మూడు. డ్రమ్ము మోగడానికి కారణం ఏమిటి? లోపల ఏమీ లేకపోవడం. నల్లచుక్క ఎక్కడ వస్తుంది? ప్రతి పేజీ నాలుగో వరస చివర. అందరికీ నూటికి నూరు వచ్చాయి, రెండు జడల పిల్లకి తప్ప. డ్రమ్ము శబ్దాన్ని వర్ణించుము అన్న ప్రశ్నకి ఆ పిల్ల, 'మేము ఎప్పుడూ వినలేదు' అని రాసింది. జవాబుల పట్టికలో 'గంభీరము' అని ఉంది. కంప్యూటర్ టీచర్ ఎర్ర పెన్ను పట్టుకుని చాలాసేపు ఆలోచించి, చివరికి సగం మార్కు వేసింది. ఏ సగానికి వేసిందో ఆమెకే తెలియదు.

పరిశీలన రేపనగా, అతిథికిచ్చే స్వాగత పత్రం కాపీలు తీయమని ప్రిన్సిపాల్ పంపాడు. మొదటి కాపీ బయటికొచ్చింది. అందులో నాలుగో వరస చివర, 'గౌరవనీయులైన' అన్న మాట పక్కన, చొక్కా గుండీ అంత నల్లచుక్క ఉంది.

ఆమె చప్పున మిషన్ ఆపింది. మిషన్ మూత ఎత్తి చూసింది. గాజు మీద ఎప్పుడో పడి ఎండిపోయిన సిరా బొట్టు ఒకటి కులాసాగా కూర్చుని ఉంది. గోటితో గీకితే ఊడొచ్చింది. పరుగున వెళ్ళి బీరువాలోంచి అసలు పుస్తకం తీయించి చూసింది. అందులో నల్లచుక్కలు మొత్తం రెండు. ఒకటి గుర్తుల పట్టికలో, ఇంకొకటి చివరి పాఠంలో. మూడు నెలలుగా నలభై మంది పిల్లలు ఒక సిరా మరకకి తాళం వేస్తున్నారు.

క్లాసుకెళ్ళి, ఊపిరి తీసుకుని మొదలుపెట్టింది. "చూడండర్రా. ఆ నల్లచుక్క ఉంది కదా, అది లేదనుకోండి."

"ఉందండీ" అన్నారు నలభై మందీ.

"ఉంది గాని, అది పొరపాటున పడింది. రేపు అక్కడ కొట్టకూడదు."

రెండు జడల పిల్ల చెయ్యెత్తింది. "మరి టెస్టులో దానికి మార్కులు వేశారు కదా మేడం."

"వేశాను."

"పొరపాటు జవాబుకి మార్కులు వేశారా?"

"ఆ మార్కులు తీసేస్తారా మేడం?" అని వెనక బెంచీలోంచి ఎవరో ఏడుపు గొంతుతో అడిగారు. వెంటనే ఇంకో నాలుగు గొంతులు కలిశాయి. మా నాన్నకి చూపించేశా మేడం, మా ఇంట్లో గోడకి అతికించారు మేడం అని గోల. పెన్సిళ్ళు గాల్లో ఆపడం నేర్చాక ఆ క్లాసులో చప్పుడు పుట్టడం అదే మొదటిసారి. పక్క గదిలో లెక్కల మాస్టారు గోడ మీద కొట్టాడు. ఆమె చేతులెత్తేసి, ఎవరి మార్కులూ పోవని మాటిచ్చి బయటపడింది.

ప్రిన్సిపాల్ ఆమె చెప్పింది సగమే విన్నాడు.

"మేడం, రేపొచ్చే ఆయన ఈ మెటీరియల్ రాసిన కమిటీకి పెద్ద. ముందుమాట ఆయనదే. మీరు ఆయన ముందు నిలబడి ఆయన పుస్తకంలో తప్పులున్నాయంటారా?"

"పుస్తకంలో కాదు సార్. మన కాపీల్లో."

"అంటే మన స్కూల్లో తప్పుందంటారా?"

ఆమె చుక్క ఉన్న కాపీ ఒకటి ఆయన వైపు చాపింది.

"మీరు పర్మనెంట్ అవ్వాలనుకుంటున్నారా, నిజాయితీగా ఉండాలనుకుంటున్నారా? ఒక్కొక్కటిగా రండి మేడం, అన్నీ ఒకేసారి అంటే ఎలా?" అని ఆయన గ్లాసు పక్కకి జరిపి, ఫైలుని ఓసారి ప్రేమగా తట్టి, మళ్ళీ దాని మీదే గ్లాసు పెట్టాడు.

మర్నాడు పరిశీలకుడు సూటు వేసుకుని వచ్చాడు. క్లాసు చూపిస్తామంటే వద్దన్నాడు. నిశ్శబ్దంగా వాయించే పిల్లల గురించి చాలా విన్నానని, ఇప్పుడు హాల్లో అందరి ముందు మోగిస్తే వినాలనుందని అన్నాడు. ప్రిన్సిపాల్ స్టోర్ కీపర్ వైపు చూశాడు. స్టోర్ కీపర్ కూతుర్ని అత్తారింటికి పంపుతున్నవాడిలా డ్రమ్ములన్నీ ఒక్కొక్కటిగా మోసుకొచ్చాడు. వాటికి కొన్నప్పటి ప్లాస్టిక్ కవర్లు ఇంకా ఉన్నాయి.

"కవర్లు తీయకుండా వాయించడం కుదరదా మేడం?" అని చెవిలో అడిగాడు.

"కుదరదండీ."

"పోనీ ఒక వైపు మాత్రం తీస్తా."

చిన్న డ్రమ్ములకి ఇద్దరేసి, పెద్ద డ్రమ్ములకి నలుగురేసి సర్దుకుని కూర్చున్నారు. కంప్యూటర్ టీచర్ వాళ్ళకి ఎదురుగా నిలబడి, సిస్టమ్ క్రాష్ అవుతుందని తెలిసి కూడా బటన్ నొక్కేవాళ్ళలా చెయ్యి ఊపింది. అలవాటు ప్రకారం పిల్లలు ముందుమాటతో మొదలుపెట్టారు.

"తాళమే జీవితానికి మూలం" అని నలభై గొంతులు ఇవాళ పైకే, ఏకకంఠంతో అందుకున్నాయి. పరిశీలకుడు తన వాక్యం తనే విని కళ్ళు అరమోడ్చాడు. రెండో వరస, మూడో వరస నడిచాయి. "ఎన్నో ఏళ్ళ నా కఠోర పరిశ్రమకి ఫలితమే ఈ పుస్తకం" అన్న నాలుగో వరస ముగిసింది. నలభై జతల చేతులు పైకి లేచాయి. ఈసారి వేలెడంత పైన ఆగలేదు.

హాలు అదిరింది. కిటికీ మీది పావురాలు లేచిపోయాయి. పరిశీలకుడు కుర్చీలో జానెడు ఎగిరి పడ్డాడు. అందరికంటే ఎక్కువ ఉలిక్కిపడింది పిల్లలే. తాము ఇన్నాళ్ళూ కొడుతున్నది ఇదా అన్నట్టు చేతులకేసి చూసుకున్నారు. రెండు జడల పిల్ల ముఖంలోకి మాత్రం మెల్లగా ఒక నవ్వొచ్చింది. ఆ నవ్వు చూశాక ఇక ఇది ఆగదని కంప్యూటర్ టీచర్‌కి తెలిసిపోయింది.

ఆగలేదు. పేజీకోసారి తకధిమి బుద్ధిగా నడిచేది, నాలుగో వరస చివర పిడుగు పడేది. పేజీ అయిపోగానే మోత మొత్తం ఠక్కున ఆగి, నలభై నాలుకలు బయటికొచ్చి, నలభై వేళ్ళు తడిసి, పేజీలు తిరిగి, మళ్ళీ మొదలయ్యేది. విషయ సూచిక కూడా వాయించారు. ప్రతి దెబ్బకీ స్టోర్ కీపర్ గుండె మీద చెయ్యి వేసుకున్నాడు. పదిహేడో పేజీలో ఒక పెద్ద డ్రమ్ము చిరిగింది. ఆయన లేచి, కళ్ళు తుడుచుకుని, రిజిస్టర్ తేవడానికి వెళ్ళాడు.

అరవయ్యో పేజీ అయ్యాక హాల్లో ఎవరూ చప్పట్లు కొట్టలేదు. పరిశీలకుడు ఏం చేస్తే అది చేద్దామని అందరూ చూస్తున్నారు.

"ఆ నాలుగో వరస దెబ్బ ఏమిటి?" అన్నాడాయన.

ప్రిన్సిపాల్ కంప్యూటర్ టీచర్ వైపు చూశాడు. ఆమె ఒక్క క్షణం మేడ మీద గది తలుపు తలుచుకుంది. తర్వాత రెండు జడల పిల్లని చూసింది. ఎటూ గది పోయినట్టే, కనీసం అబద్ధమైనా ఆడకుండా పోగొట్టుకుందాం అనుకుంది.

"అది మీ పుస్తకంలో లేదు సార్. మా కాపీ మిషన్ గాజు మీద సిరా పడింది. అది ప్రతి పేజీలోనూ చుక్కలా వచ్చింది. నాకు డ్రమ్ములు రావు, అందుకే నాకు తెలియలేదు. తప్పు నాదే."

పరిశీలకుడు ఒక కాపీ తీసుకుని తిరగేశాడు. ప్రతి పేజీలోనూ చుక్క ఉంది. నిజానికి ఆయన ఆ పుస్తకాన్ని లోపల ఎన్నడూ చూడలేదు. ముందుమాట కూడా ఆఫీసులో ఇంకొకరు రాసిపెడితే సంతకం చేశాడు. చుక్క ఉండాలో వద్దో ఆయనకేం తెలుసు? లేదంటే, మరి ఎక్కడ ఉండాలో చెప్పమంటారు.

"అమ్మా, ఇంత వినయం పనికిరాదు" అన్నాడాయన గంభీరంగా. "ఈ చుక్క మీద కమిటీలో చాలా చర్చ జరిగింది. చాలా స్కూళ్ళలో దీన్ని అసలు పట్టించుకోరు. మీరొక్కరే పట్టుకున్నారు."

"సార్, అది సిరా..."

"మధ్యలో ఆ నిశ్శబ్దం కూడా అద్భుతం."

"పేజీలు తిప్పారండీ."

"అదే నేననేది. పుస్తకం మీద గౌరవం" అని ఆయన లేచి చప్పట్లు కొట్టాడు. వెంటనే హాలంతా కొట్టింది. అందులో లెక్కల మాస్టారి చప్పట్లే గట్టిగా వినపడ్డాయి. పిల్లలు దాన్ని కొత్త పేజీ అనుకున్నారేమో, ఇంకోసారి ధామ్మనిపించారు.

సాయంత్రానికల్లా టీ గ్లాసు పక్కకి జరిగింది, ఫైలు తెరుచుకుంది, సంతకం పడింది. ప్రిన్సిపాల్ ఉత్తర్వు ఆమె చేతిలో పెట్టాడు. ఆమె చదివి, సరిగ్గా చదవలేదేమోనని మళ్ళీ చదివింది.

"సార్, ఇందులో తాళవాద్య ఉపాధ్యాయిని అనుంది. నేను కంప్యూటర్ టీచర్ని కదా."

"పరిశీలకుడు పట్టుబట్టాడు మేడం. అలాంటి మనిషిని కంప్యూటర్ల దగ్గర వృథా చేస్తారా అన్నాడు. అయినా కంప్యూటర్ ఎవరైనా చెప్తారు."

వాదించే ఓపిక ఆమెకి లేదు. పర్మనెంట్ అన్న మాట ఉంది, సీలు ఉంది, చాలు. కాగితం పట్టుకుని సరాసరి వెనక వీధికి నడిచింది. ఓనరమ్మ గుమ్మంలోనే ఉంది. చేతిలో తాళంచెవి సిద్ధంగా పట్టుకుని, ఇంకో చేత్తో కాగితం దూరంగా పెట్టి చదవసాగింది.

"పర్మనెంటే. బాగుంది. సీలు కూడా ఉంది. ఈ తాళవాద్యాలంటే ఏమిటమ్మా?"

"అంటే... డ్రమ్ములండీ."

తాళంచెవి గుప్పిట్లోకి వెళ్ళిపోయింది.

"మీరు కంప్యూటర్ అన్నారుగా."

"కంప్యూటరేనండీ. ఇది కాగితం మీద అలా రాశారు. నిజం చెప్తున్నా, నాకు డ్రమ్ములు రావు. ఒట్టు. ఈ చేతుల్తో ఒక్కసారి కూడా కొట్టలేదు."

"అయ్యో, వచ్చినవాళ్ళతో బాధ లేదమ్మా. వాళ్ళు బయట వాయించుకుంటారు. రానివాళ్ళే ఇంట్లో ప్రాక్టీసు చేస్తారు."

"మేం చప్పుడు రాకుండా నేర్పుతామండీ. కావాలంటే స్కూల్లో అడగండి."

"చప్పుడు రాకుండా డ్రమ్ములు. నేను ముసల్దాన్నే గాని, మరీ అంత అమాయకురాల్నా?" ఓనరమ్మ కాగితం మడిచి ఆమెకి తిరిగిచ్చింది. ఆమె ముఖం చూసి జాలి కలిగినట్టుంది, తలుపు వేయబోతూ ఆగింది. "సరే, ఒక పని చేయండి. మీకు డ్రమ్ములు రావని మీ స్కూలు వాళ్ళ చేత ఇలాగే సీలేసి ఒక కాగితం రాయించుకు రండి. తాళంచెవి ఇచ్చేస్తా."

ఆ సంగతి స్కూల్లో తెలియనివాళ్ళు ఎవరూ లేరు, సంతకం పెట్టేవాళ్ళే లేరు.